తన్లిన్‌లో అలెగ్జాండ్రియా కథ ఒప్పజెప్పిన రోజు

ఈ ప్రయాణం ఒక తగువుతో మొదలైంది. అలెగ్జాండ్రియా గ్రంథాలయాన్ని తగలబెట్టింది ఎవరన్న ఆన్‌లైన్ చర్చలో ఒక పెద్దమనిషి తనకు గిట్టని మతం పేరు రాసి, కింద బోలెడు చప్పట్లు కొట్టించుకున్నాడు. నాకు ఒళ్లు మండింది. అయ్యా, ఒక్క మంటకు పోయిన గ్రంథాలయం కాదది, వందల ఏళ్లు కొద్దికొద్దిగా చచ్చింది, పండితులకు కూడు పెట్టడం మానేసిన రాజుల్ని వదిలేసి అగ్గిపుల్ల కోసం వెతుకుతారేం అని పేజీలకు పేజీలు రాశాను. అది చదివిన స్నేహితురాలు ఒకామె, "అంత దుఃఖం ఉంటే బర్మాలో యాంగోన్ పక్కన తన్లిన్‌లో మన తెలుగువాళ్ల పుస్తకాల బీరువా ఒకటి చెదలు పట్టిపోతోంది, దాని సంగతి చూడు" అంది. విశాఖలో మేం నలుగురం కలిసి నడిపే చిన్న పఠనాలయం ఉంది. చల్లగాలి మిషను, అద్దాల అలమరాలు, అన్నీ ఉన్నాయి. ఆ బీరువా చూసుకునే మరియమ్మగారితో ఫోన్లో మాట్లాడి, రెండు పెద్ద ఖాళీ పెట్టెలతో కోల్‌కతా మీదుగా యాంగోన్‌లో దిగాను.

అప్పుడప్పుడే వానలు పట్టాయి. ఆదివారం తెల్లవారి హోటలు బయటికొస్తే సూలే పగోడా బంగారు శిఖరం మబ్బులో సగం కరిగిపోయి ఉంది. నడక దారి మీద పొట్టి ప్లాస్టిక్ స్టూలు వేసుకుని మొహింగా తిన్నాను. చేపల పులుసులో సన్నని సేమ్యాలాంటి నూడుల్స్, పైన అరటి దూట ముక్కలు. ఇక్కడి డబ్బు రెండు మూడు వేల చాట్లలో కడుపు నిండిపోతుంది. ఇక్కణ్నుంచి తన్లిన్‌కు సిటీ బస్సుంది, టికెట్టు కొన్ని వందల చాట్లే, గంటన్నర దాకా పడుతుంది. నా పెట్టెల మూలంగా మరియమ్మగారు తన మేనల్లుడి టాక్సీ పంపారు. పేరు డానియేల్. ఇక్కడ మగవాళ్ల పేరు ముందు కో అని చేర్చి పిలుస్తారు కాబట్టి కో డానియేల్. నలభై ఏళ్లుంటాయి. తెలుగు వింటాడు, తడుముకుంటూ మాట్లాడతాడు, చదవలేడు.

"పెట్టెల్లో ఏటుంది ఆంటీ?" అన్నాడు ఎత్తి చూసి. 

"ఏమీ లేదు. ఖాళీ."

"ఖాళీ పెట్టెలకి టాక్సీ ఏటి!" అని నవ్వాడు. మామూలు ధరే అడిగాడు, ఇరవై వేల పైన. పెట్రోలు దొరికేదాన్ని బట్టి ఏ రోజు ధర ఆ రోజుదే. వంతెన దగ్గర సోదా చేశారు. ఖాళీ పెట్టెల్ని ఇద్దరు తుపాకీల వాళ్లు తిప్పి తిప్పి చూశారు. మనుషుల్ని ఏళ్ల తరబడి చీకట్లో ఉంచే ప్రభుత్వాలకు ఖాళీ పెట్టె కూడా భయమే. ఆ మాట పైకి అనబోతుంటే డానియేల్ నా మోచెయ్యి మెల్లగా తాకాడు. నోరు మూసుకున్నాను.

వంతెన మీద మాత్రం కోపం నిలవలేదు. కింద బగో నది పాలు కలిపిన టీ రంగులో, కదులుతోందో లేదో తెలియనట్టుంది. వాన తెర వెనక ఓడలు నీడల్లా నిలబడ్డాయి. దూరాన చమురు శుద్ధి కర్మాగారం గొట్టం ఒక్కటే పొగమంచులోంచి పైకి లేచి, నేనెన్నడూ చూడని ఒక దీపస్తంభంలా కనపడింది. కళ్లు మూతలు పడుతుంటే అది అలెగ్జాండ్రియా రేవే అనిపించింది. ఆ రేవులో దిగిన ప్రతి ఓడనూ రాజు మనుషులు గాలించేవారట, పుస్తకాల కోసం. దొరికినదాన్ని లోపలికి తీసుకుపోయి నకలు రాయించి, నకలు ఓడవాళ్లకిచ్చి అసలు ఉంచేసుకునేవారట. ఎంత ముచ్చటైన దొంగతనం అనుకుంటూ నిద్రలోకి జారాను. డానియేల్ లేపేసరికి గుడి ముందున్నాం. తెలుగు బాప్టిస్టుల గుడి, రేకుల కప్పు, లోపల ఆరాధన అప్పుడే ముగిసింది.

మరియమ్మగారికి డెబ్బై దాటి ఉంటాయి. అందరూ డా మరియమ్మ అంటారు, డా అంటే ఇక్కడ పెద్దావిడకిచ్చే మర్యాద. నన్ను, నా పెట్టెల్ని మార్చి మార్చి చూశారు. "రామ్మా, రా. ఇంతింత పెట్టెలేటి? కాపురానికొచ్చీసినావేటి?"

వెనక గదిలో ఉంది బీరువా. ఒకప్పుడు యాంగోన్ రేవులో మూటలు మోయడానికి శ్రీకాకుళం నుంచి, గంజాం నుంచి ఓడెక్కి వచ్చిన మనుషులు బట్టల మధ్య తెచ్చుకున్న పుస్తకాలు. పాటల పుస్తకాలు, వాచకాలు, పురాణ కథలు, అట్ట ఊడిన వంటల పుస్తకం. తడి గోడ నుంచి చెదల దారి మొదటి అరదాకా పాకింది. "ఈ వానలకి ఈ కప్పు ఉండదు. గది ఇప్పీయాలన్నారు సంఘపోలు" అన్నారావిడ. "నా కల్లా మసకలైపోనాయి. నా తరవాత ఈటిని సూసుకునేవోలు నేరు. నీకిచ్చీడమో, పోగొట్టుకోడమో. ఇయ్యాల తేల్చీయాల." తాళాల గుత్తి పిడికిట్లో బిగించి పట్టుకున్నారు.

"నాకిచ్చేయండి. భద్రంగా ఉంటాయి."

"పట్టుకెల్దువుగానిలే. ముందు ఒప్పజెప్పాల" అని నన్ను గుడిలోకి, బల్లల ముందుకి తీసుకొచ్చారు.

అదీ ఇక్కడి ఆచారం. పుస్తకం తీసుకున్నవాళ్లు తిరిగి ఇచ్చేటప్పుడు ఆదివారం అందరి ముందు నిలబడి అందులో ఏముందో చెప్పాలి. చదవడం రానివాళ్లు ఎవరిచేతనో చదివించుకుని బర్మీస్‌లో చెప్పినా సరే. కొత్తవాళ్లయితే తమకు తెలిసిన ఏదో ఒక పుస్తకం సంగతి ముందు చెప్పాకే బీరువా ముట్టుకోవాలి. హిందువులూ వస్తారు. పక్క వీధి సింహాచలంగారు, గంజాం నుంచి వచ్చిన కుటుంబంవారు, ముందు బల్ల మీద కూర్చుని ఉన్నారు. "పశువైద్యం పొస్తకం మాలో పదిమంది ఒప్పజెప్పీసినారు తల్లీ. ఒక్కడికీ ఆవు నేదు. గాలికుంటుకి మందేటో మాత్రం సంటిపిల్లైనా సెప్తాది" అన్నారు. బల్లలన్నీ నవ్వాయి.

నేను లేచి నిలబడ్డాను. కరెంటు పోయింది, పంకాలు ఆగాయి, రేకుల మీద వాన మొదలైంది. ఇంకేం కథ చెబుతాను? అలెగ్జాండ్రియానే చెప్పాను. దేశదేశాల నుంచి వచ్చిన రాత చుట్టల్ని రాజులు ఎలా పోగేశారో, ఓడల్ని ఎలా గాలించారో, పండితులకు తిండీ నీడా ఇచ్చి ఎలా పోషించారో చెప్పాను. ఒక రాజు పండితుల్నే తరిమేయడం, తర్వాత యుద్ధంలో రేవు అంటుకోవడం, తిరగరాసే చేతులు లేక చుట్టలు తేమకు చివికిపోవడం చెప్పాను. గొంతు పెంచి, "చూసుకునేవాళ్లు లేకపోతే మీ బీరువాకూ అదే గతి" అని ముగించాను. గెలిచాననుకున్నాను.

మరియమ్మగారు నెమ్మదిగా అడిగారు. "అన్నీ ఒక్క సోటే ఎట్టీసినారేటి, ఆ రాజులు?"

"దాదాపు అంతేనండీ. వేరే ఒక గుడిలో కొన్ని ఉండేవి."

"మరి ఓడోలు? మాది మాకిచ్చీయండని అడగనేదా?"

"అడిగినా ఇచ్చేవారు కారు. నకలు చేతిలో పెట్టేవారు."

"నువ్వు మాకు నకలైనా ఇవ్వట్నేదు గదమ్మా!" అన్నారు సింహాచలంగారు. ఈసారి నవ్వు రేకుల మీది వానను కూడా మింగేసింది.

నాకు రోషం వచ్చింది. వాదించడం నా అలవాటు. ఫోటోలు తీసి పంపుతామన్నాను. ఇక్కడ చెదలు, అక్కడ చల్లటి గది అన్నాను. పుస్తకం బతకడం ముఖ్యమా, మీ దగ్గరుండటం ముఖ్యమా అని నిలదీశాను.

"మీ కాడ సదివేవోలున్నారా?" అన్నారు మరియమ్మగారు.

మా పఠనాలయం కళ్ల ముందు మెదిలింది. పొద్దున్నే వచ్చే ముగ్గురు రిటైరైన పెద్దమనుషులు. తాళం తీయని అద్దాల అలమరాలు. "పేపరు కోసం వస్తారండీ" అన్నాను. అబద్ధం చెప్పడానికి నోరు రాలేదు.

ఆవిడ లేచి వెనక గదిలోకెళ్లి బీరువా తెరిచారు. ఇంటి పేర్లు పిలవడం మొదలుపెట్టారు. ఇంటికొక పుస్తకం. తడవని గదిలో, మంచం కంటే ఎత్తున పెట్టుకోవాలి. ఏడాది తిరిగేలోగా వచ్చి ఒప్పజెప్పి, పక్కింటివాళ్లతో మార్చుకోవాలి. సింహాచలంగారు పురాణ కథలు అడిగి మరీ తీసుకున్నారు. కో డానియేల్ పాటల పుస్తకం చొక్కా లోపల దాచుకున్నాడు. "నీకు చదవడం రాదుగా" అన్నాను. "అత్త కల్లద్దాలెట్టి సదువుతాది, నేనింటాను. ఒప్పజెప్పుడు బర్మా బాసలో" అన్నాడు. అరలు ఒక్కొక్కటే ఖాళీ అవుతుంటే మరియమ్మగారు ప్రతి అరనూ అరచేత్తో తుడిచారు. ఆఖరి అర దగ్గర చెయ్యి కాసేపు అక్కడే ఉండిపోయింది. పుట్టి బుద్ధెరిగిననాటి నుంచీ ఆ బీరువా నిండుగా ఉండటమే చూశారట. ఒక్క పుస్తకం మిగిలింది. దాన్ని తెచ్చి నా చేతిలో పెట్టారు. పశువైద్యం.

"మీ ఇంట ఆవుందా?"

"లేదండీ."

"అయితే ఇది నీదే. మల్లా వొచ్చి ఒప్పజెప్పాల."

సాయంత్రం వాన వెలిసింది. తిరుగుదారిలో నది మీద వెలుతురు పసుపు నీళ్లలా పరుచుకుంది. వంతెన దగ్గర మళ్లీ పెట్టెలు తెరిపించారు, మళ్లీ ఖాళీ. పుస్తకం నా ఒళ్లో ఉంది, దాన్నెవరూ అడగలేదు. పుస్తకాల్ని కాపాడటమంటే ఒక చోటికి చేర్చడమని ఇన్నేళ్లూ నమ్మాను, రాశాను, తగువులాడాను. ఆ రేవులో ఓడల్ని గాలించినవాళ్లూ అలాగే నమ్మి ఉంటారు. తన్లిన్ ఇళ్లలో కొన్ని పుస్తకాలు తడుస్తాయి, కొన్ని పోతాయి, నాకు తెలుసు. కానీ ఇది రాస్తున్న ఈ పూట అక్కడ ఏదో ఒక ఇంట్లో ఒకరు చదువుతుంటే ఒకరు వింటూ ఉంటారు. మా పఠనాలయంలో అలమరాల తాళాలు నిన్ననే తీసి, గోడకు ఆనించి ఉన్న కుర్చీలన్నీ మధ్యలోకి లాగాను. వచ్చే ఆదివారం గాలికుంటు మీద నా మొదటి రిహార్సల్.

మీరూ వెళ్లాలనుకుంటే ఒక్క మాట. సూలే నుంచి ఆదివారం పొద్దున్నే బయల్దేరండి, ఆరాధన ముగిసే వేళకు చేరతారు. వానాకాలమైతే ఒక తెలుగు పుస్తకం, పెద్దక్షరాలది, రెండు పొరల ప్లాస్టిక్ కవర్లో చుట్టి తీసుకెళ్లండి. లోపలేముందో నిలబడి చెప్పగలిగేంత చదువుకుని వెళ్లండి. ఖాళీ పెట్టెలు మాత్రం ఇంట్లోనే వదిలేయండి.