సాగదీసిన తాడు

ముక్తేశ్వరం దగ్గరి బడిలో కరుణమ్మ ఇరవై ఏళ్లుగా లెక్కల టీచరు. రెండు రేఖాఖండాలు గీసి, మధ్యబిందువులు గుర్తించి, ‘దత్తాంశం: సగాలు సమానం’ అని రాసి, మొత్తాలూ సమానమేనని నిరూపించేది. పిల్లలు ఆవలించేవారు.

కొత్త టీచరు ఝాన్సీ రెండు కొబ్బరితాళ్లు సగానికి మడిచి చూపించింది. సగాలు సరిపోయాయి. విప్పితే తాళ్లూ సరిపోయాయి. క్లాసంతా చప్పట్లు! కరుణమ్మకు ఒళ్లు మండింది. ఇన్నేళ్లూ సుద్దపొడి పీల్చింది తను, చప్పట్లు తాళ్లకా?

మర్నాడు ఆ తాళ్లలో ఒకదాన్ని పిల్లల ముందే బలంగా సాగదీసి, రెండూ మడిచింది.

“చూసేరా? సగాలు కలవలేదు. తాళ్లతో నిరూపణలేంటి?”

ముందు బెంచీలోంచి బేబి లేచింది.

“ఆయ్. కానీ సగాలు సమానమన్నది దత్తాంశం కదండీ. దాన్ని మీరే సాగదీసేసేరండి.”