పాటకు ముందు ఆమె పేరు

మొన్న ఆదివారం కోరుట్ల నుంచి ఫోన్ వచ్చింది. మా మేనమామ పోయాడు. పెళ్లి వీడియోలు తీసి బతికిన మనిషి. తెలంగాణ ఉద్యమం రోజుల్లో మాత్రం పెళ్లిళ్లు వదులుకుని, రోడ్ల మీద వంటావార్పులు, బతుకమ్మ ఆటలు తీస్తూ తిరిగాడు. ఆ టేపులన్నీ కంప్యూటర్లోకి ఎక్కించి, ఎవరైనా ఉచితంగా చూసేలా ఇంటర్నెట్లో పెట్టాలన్నది ఆయన పట్టుదల. ఆయన దగ్గరే నేను ఎడిటింగ్ నేర్చుకున్నాను.

ఏది పెట్టాలన్నా ముందు పాడినవాళ్ల ఇంటికి వెళ్లి అడిగేవాడు. రాయికల్‌లో ఒక పెద్దాయన ఒప్పుకోలేదు. అంత మంచి పాటను వదిలేయడం నాకు మనసొప్పలేదు.

"వద్దన్నడు గద బిడ్డా. పాట ఆయనది," అన్నాడు మామ. ఆ పాట ఇప్పటికీ బయటికి రాలేదు.

సిరిసిల్లలో మగ్గాలకు నూలు కండెలు చుట్టే ఒక అక్క, తాను కట్టిన పాటను ఉద్యమ సభలో పాడింది. మామ తీశాడు. జగిత్యాలలో సీడీల దుకాణం నడిపే ఆయన స్నేహితుడు చూసి ఇస్తానని కాపీ తీసుకెళ్లి, తన దుకాణం పేరుతో ఇంటర్నెట్లో పెట్టేశాడు. అక్క తన పేరు చెప్పుకున్న ముక్క కోసేశాడు. ఆ సంగతి తెలిసి అక్క మామకు ఫోన్ చేసింది.

"నా పాటకు ఇంకొకల పేరా? ఇగ నేను పాడ తమ్మీ."

మామ ఆ పూటే నన్ను వెంటబెట్టుకుని జగిత్యాల వెళ్లాడు.

"ఉద్యమం అందరిది గదనే. ఫ్రీగనే పెట్టిన," అన్నాడు స్నేహితుడు.

"ఫ్రీగ సూడాలనే నేను గూడ అంటున్న. గని ఆమెను అడిగినవా? పేరెందుకు తీసేసినవ్?"

మామ వెంట తెచ్చిన అసలు టేపును ఆ దుకాణం టీవీలోనే వేశాడు. అక్క తన పేరు, వాడ పేరు చెప్పి, "గీ పాట నేనే కట్టిన" అంటుంటే దుకాణానికి వచ్చినవాళ్లంతా విన్నారు. స్నేహితుడు తల దించుకుని వీడియో తీసేశాడు. మా ముందే అక్కకు ఫోన్ చేసి, తప్పయిందన్నాడు.

అక్కడి నుంచి నేరుగా సిరిసిల్ల వెళ్లాం. మామ అక్క వాకిట్లో కూర్చుని అనుమతి అడిగాడు.

"పెట్టు తమ్మీ. అందరు సూడనీ, పాడుకోనీ. నా పేరు మాత్రం ముంగట రావాలె."

అలాగే పెట్టాం. దుబాయ్ నుంచి, బొంబాయి నుంచి మనవాళ్లు ఆమెకు ఫోన్లు చేశారు. అక్క కొత్త పాటలు కట్టింది.

రాష్ట్రం వచ్చిన సాయంత్రం వాళ్ల వాడలో గోడకు తెల్లగుడ్డ కట్టి ఆ వీడియో వేశాం. సాంచెలు, అదే మరమగ్గాలు, ఆపి నేత మనుషులంతా వచ్చారు. గుడ్డ మీద అక్క పేరు పడగానే వాడంతా ఈలలు. అక్క లేచి నిలబడి, తెర మీది తన గొంతుతో గొంతు కలిపింది. ఆ వేడుక తీయాల్సిన మామ కెమెరాను అరుగు మీద పెట్టేసి, జనం మధ్యలో రెండు చేతులూ పైకెత్తి చప్పట్లు కొడుతున్నాడు.