పావడ అంచులో మడత

నా చిన్నప్పుడు బెళుగుప్పలో మా నాయనకు ఒక చిన్న బట్టల అంగడి ఉండేది. గుడ్డ అమ్మేదీ ఆయనే, అరుగు మీద మిషను తొక్కి కుట్టేదీ ఆయనే. ఆడపిల్లల పావడలు కుట్టేటప్పుడు అంచును లోపలికి జానెడు మడిచి వదులుగా కుట్టు వేసేవాడు. పిల్ల పొడవు పెరిగినప్పుడల్లా తల్లి తీసుకొస్తే, కుట్టు విప్పి కొంచెం కిందికి దించేవాడు. దించిన చోట వెలిసిపోని రంగు పట్టీలా కనిపించేది. నాకు ఆ పట్టీలంటే పరమ చిరాకు. అంగడాయన కూతురిని కదా, ఏడాదికొక కొత్త పావడ తొడుక్కునేదాన్ని.

వానలు మొహం చాటేసిన ఒక ఏడు, దసరా సెలవుల తర్వాత బళ్ళు తెరిచే ముందురోజు, శెనక్కాయ చేలల్లో కూలికి పోయే ఒకామె తన కూతుర్ని వెంటబెట్టుకుని వచ్చింది. ఆ పిల్లది నా తరగతే. పావడ మోకాళ్ళు దాటడం లేదు, అది వేసుకుని బడికి పోనని మొండికేసిందట. దానిమీద అప్పటికే రెండు పట్టీలున్నాయి. నేను ఊరుకోకుండా, "ఆ గుడ్డంతా లోపల దాచే బదులు ఇంకో పావడ కుట్టి అమ్ముకోవచ్చు గదా నాయనా" అన్నాను. పెద్ద తెలివైన మాట అన్నాననే అనుకున్నాను.

నాయన కోప్పడలేదు. సూది నా చేతికిచ్చి ఆ చివరి మడత నన్నే విప్పమన్నాడు. "వాన రాని యేడు ఈయమ్మ కొత్త గుడ్డ యాడ కొంటాది? బిడ్డ మాత్రం పెరగకుండా ఉంటాదా పాపా? ఆ మడత మనది కాదు, ఆ పిల్లది" అన్నాడు. మరునాడు ఆ పిల్ల బడికొచ్చి నా పక్కనే కూర్చుంది.

నాయన తర్వాత అంగడి నా చేతికొచ్చింది. కుట్టిన బట్టలు అందరికంటే చవగ్గా అమ్మాలనుకున్నాను. ఎక్కడ తగ్గించాలా అని చూస్తే ఆ మడత కనిపించింది. తీసేశాను. మూడు పావడల గుడ్డలో నాలుగు వచ్చాయి. కణేకల్లులో ఒకటి, ఆ తర్వాత జిల్లా అంతటా మా అంగళ్ళు వెలిశాయి. బీదాబిక్కీ అంతా మా దగ్గరే కొంటారని గొప్పగా చెప్పుకుంటూ తిరిగాను.

మొన్న సోమందేపల్లెలో హైవే పక్కన కొత్త షాపు తెరిచాం. ఒక తల్లి పావడను తిరగేసి, అంచు వెంబడి బొటనవేలు జరుపుతూ పోయింది. ఆమె దేనికోసం వెతుకుతోందో నాకు తెలుసు. "యాడా మడత ల్యాదు గదక్కా, వచ్చే యేడు ఏం చేయల్ల?" అనింది. చివరికి రెండు సైజులు పెద్దది కొనుక్కుంది. కూతురు అక్కడే తొడుక్కుని, జారిపోకుండా నడుము దగ్గర పిడికిట పట్టుకుని మెట్లు దిగింది.

మడత మళ్ళీ పెడదామంటే నా కొడుకు, "చవకని గదమ్మా జనం మన దగ్గరికొచ్చేది" అన్నాడు. వాడినేమనను? ఆ తెలివి నేర్పింది నేనే. ఇప్పటికీ ఏ పావడ చేతికొచ్చినా నా వేలు అంచు లోపలికి పోతుంది. అక్కడేమీ తగలదు. పిల్లలు ఎదగడానికి మా నాయన దాచిపెట్టిన గుడ్డ కత్తిరించుకుని నేను ఎదిగాను.