లెక్కకు చిక్కని బర్రెలు

మా ఊరి బర్రెలు గుట్ట కింద ఊరుమ్మడి బీడైన బంచరాయికి మేతకు పోవాలంటే ఇప్పుడు పక్క ఊరిదాకా నడవాలి. అక్కడ పెద్దరోడ్డు కింద కట్టిన దారిలో దూరి, అవతలి వైపు మళ్లీ అంత దూరమూ వెనక్కి రావాలి. పోయి రావడంతోనే పొద్దు గడిచిపోతుంది, ఇక మేసేదెప్పుడు? దీనికి కారణం ఎవరని మా ఊళ్లో అడిగితే పది మంది పది పేర్లు చెబుతారు. సాయన్న పేరు మాత్రం ఎవరూ చెప్పరు. ఆయన బాధల్లా అదే.

సాయన్నకు అనుమానం పుట్టుకతో వచ్చింది. పాలకేంద్రంలో పాలు పోస్తే కొలిచేవాడి చేతిని రెప్ప వేయకుండా చూస్తాడు. బస్సులో టికెట్ ఇస్తే వెలుతురుకు పట్టి చూస్తాడు. ఒకసారి ఎల్లారెడ్డి ఊరి నుంచి బామ్మర్ది సీతాఫలాలు మోసుకొస్తే, మంచినీళ్లయినా ఇవ్వకముందే "ఏం పనిబడ్డది బామ్మర్ది?" అని అడిగాడు. భార్య సాలవ్వ ఆ రోజు సిగ్గుతో తల ఎత్తలేదు. అయితే బర్రెల దగ్గర ఆయన వేరే మనిషి. బర్రె ఈనుతుంటే తిండీ నిద్రా మానేసి పక్కనే కూర్చుంటాడు. ఆయన బతుకంతా వాటితోనే.

2009లో కామారెడ్డి మీదుగా నాగపూర్ పోయే రోడ్డును నాలుగు వరుసలు చేసే పనులు నడుస్తున్నాయి. కామారెడ్డి పక్కనుంచి బైపాస్, మధ్యలో డివైడర్, ఇరుపక్కలా కంచె, ఇంకా ముందుకు పోతే టోల్ గేటు. వార్డు మెంబర్ మార్కండేయకు కిరాణా దుకాణం ఉంది, అందులో టీవీ కూడా ఉంది. అందుకని లోకం సంగతులన్నీ ఆయనే చెప్పేవాడు.

"జపాన్ల గుట్టలు తొలిచి ఏసిన్రట గిసొంటి రోడ్లు. పైసలు కట్టి పోతరట," అన్నాడు ఒకనాడు.

"జపానోడు ఎట్లనన్న ఏసుకోని. మన బర్రెలు ఎట్ల దాటాలె? గది చెప్పు," అన్నాడు సాయన్న.

మార్కండేయ టీవీ వైపు తిరిగాడు. జవాబు చెప్పనివాడు ఏదో దాస్తున్నాడని సాయన్న లెక్క.

చలికాలంలో ఒక పొద్దున స్వామిదాసు అనే నడివయసు మనిషి వచ్చి, మా పశువులు రోడ్డు దాటే చోట కుర్చీ వేసుకొని కూర్చున్నాడు. చేతిలో, బొటనవేలితో నొక్కితే టిక్కుమనే చిన్న మిషను. మార్కండేయ అతనికి చాయ్ పంపించాడు. సాయన్న చుట్టూ తిరిగి, చివరికి ఎదురుగా నిలబడ్డాడు.

"ఏం పని సారూ ఈడ?"

"పశువులు ఎన్ని దాటుతున్నాయో లెక్కపెట్టమన్నారు పెద్దాయనా."

"ఎందుకట?"

"అది పై ఇంజనీర్లకే తెలుసు. నాకు చెప్పిన పని ఇంతే."

వ్యవహారం అక్కడే చెడింది. మా దిక్కున పశువులను పైకి లెక్కపెట్టరు, దిష్టి తగులుతుందని భయం. కొట్టం నిండా బర్రెలున్నవాడిని ఎన్ని ఉన్నాయని అడిగినా "ఉన్నయి ఓ రెండు మూడు" అనే అంటాడు. అలాంటిది ఎవరో పరాయివాడు దారిలో కూర్చొని, ఒక్కొక్కదానికీ టిక్కుమనిపిస్తానంటే ఎవరు ఊరుకుంటారు? సాయన్న ఇల్లిల్లూ తిరిగాడు.

"ఇయ్యాల లెక్కవెడ్తరు. రేపు బర్రెకు గింతని పన్నేస్తరు. ఎల్లుండి బంచరాయి గుంజుకుంటరు. మార్కండేయ చాయ్ పోసిండు, చూసిన్రా? ఉత్తగనే పోస్తడా?"

సాలవ్వ ఒక్కతే అడ్డుపడింది. "బర్రెలు పోయేటందుకు దారి ఇడుస్తరేమోనయ్యా. చూసుకోనీ."

"ఇంజనీరు నీ మేనమామనా, నీకు చెప్పి ఇడ్వనీకె?" అని ఆమె నోరు మూయించాడు.

స్వామిదాసు ఉన్నన్ని రోజులూ మా ఊళ్లో ఒక్క బర్రె కొట్టం దాటలేదు. అన్నిటినీ కట్టేసి ఎండుగడ్డి వేశారు. అతను ఖాళీ దారిని చూసి చూసి కుర్చీ మడుచుకొని వెళ్లిపోయాడు. సాయన్న ఊరినే కాపాడినట్టు మీసం దువ్వాడు.

మరుసటి ఏడు పనులు జోరందుకున్నాయి. రోడ్డు కట్ట ఎత్తు పెరిగింది. మా దారి దగ్గర ఉత్త మట్టే పోశారు. పక్క ఊరి దగ్గర మాత్రం ఇనుప చువ్వలు లేచాయి. పశువులు పట్టేంత దారి కింద వదిలి పైన స్లాబు వేశారు. మా ఊరు భగ్గుమంది. మార్కండేయే మన దారిని అమ్ముకున్నాడని తేల్చేశారు, ఆయన దుకాణంలో ఉప్పు కొనడం కూడా మానేశారు. అందరికంటే గట్టిగా తిట్టింది సాయన్నే. సంగతేమిటో తేల్చుకొస్తానని స్లాబు దగ్గరికి పోయాడు. అక్కడ స్వామిదాసు కనిపించాడు.

"మా దారి మార్పించింది మార్కండేయనేనా? నిజం చెప్పు!"

"ఎవరూ మార్పించలేదు పెద్దాయనా. పశువులు ఎక్కువగా దాటే చోట కట్టమన్నారు. మీ ఊరి దగ్గర ఒక్కటీ దాటలేదు, పశువులే లేవనుకున్నాం. ఊరంతా వచ్చి అడిగితే మళ్లీ చూస్తారేమో. పని ఇంకా అయిపోలేదు కదా."

సాయన్న వెనక్కి తిరిగాడు. ఆ మాటల్లో అబద్ధం ఎక్కడుందా అని ఇంటిదాకా వెతుక్కుంటూ వచ్చాడు. ఎక్కడా అబద్ధం దొరకలేదు. తన బర్రెల నోటికాడి గడ్డిని తానే లాగేశానని కొట్టంలో కూర్చొని ఏడ్చాడు. తర్వాత మొహం కడుక్కొని, పంచాయతీ ఆఫీసు ముందుకు అందరినీ పిలిచాడు.

"తప్పు నాదే. బర్రెలను దాచుమన్నది నేనే. మార్కండేయ ఏం చెయ్యలే. అందరం పోదాం పాండ్రి, మల్ల లెక్కవెట్టుమందాం."

"ఎప్పటిసంది మార్కండేయ దిక్కయినవ్ సాయన్నా?" అన్నాడొకడు.

"స్లాబు కాడ ఏం మాట్లాడుకొచ్చినవో!" అన్నాడింకొకడు.

ఆయన దగ్గర నేర్చుకున్నదే, మేం బాగానే ఒంటబట్టించుకున్నాం. ఒక్కరొక్కరుగా లేచి వెళ్లిపోయాం. మార్కండేయ అయినా నమ్ముతాడని దుకాణానికి పోతే, "నిన్నటిదాంక తిట్టి, ఇయ్యాల మంచిగ మాట్లాడవడ్తివి. ఏం ఎత్తు ఏసినవ్?" అని ఆయన తలుపు దగ్గరికి వేశాడు.

సాయన్న ఇంటికొచ్చి అరుగు మీద కూలబడ్డాడు. సాలవ్వ నీళ్ల చెంబు ఇచ్చి పక్కన కూర్చుంది.

"నేను నమ్ముతున్న. రేపు నీతోని నేనొస్త. ఇద్దరమే పోయి అడుగుదాం," అంది.

సాయన్న చెంబు కింద పెట్టి, ఆమె మొహంలోకి తేరిపార చూశాడు.

"ఊర్ల ఒక్కడు నమ్మలే. నువ్వెట్ల గింత జల్ది నమ్మినవే?"