వెనక్కి విసిరే బంతి

నా చిన్నప్పుడు ఆకురాలే కాలం ఎలా ఉంటుందో నేను మొదటిసారి చూసింది ఒక ఫోను తెరలో. అప్పుడు మేం ఖతర్‌లో ఉండేవాళ్ళం. దోహాలో అల్ అజీజియా అనే పేటలో ఒక పాత విల్లాను వాటాలుగా విడగొట్టి అద్దెకిచ్చేవారు. అందులో వెనక వాటా మాది. ఆ ఊళ్ళో చెట్లు కాలానికి ఆకులు రాల్చవు, ఎండకూ దుమ్ముకూ రాల్చుకుంటాయి, అంతే. నాన్న డ్యూటీ నుంచి వచ్చేసరికి చీకటి పడేది. అంతదాకా అమ్మా నేనూ కిటికీ దగ్గర కూర్చుని ప్రహరీ గోడను చూస్తూ కబుర్లు చెప్పుకునేవాళ్ళం.

గోడకు అవతల ఒక పెద్ద ఖతరీ కుటుంబం ఉండేది. వాళ్ళ గేటు పక్కన ఒక చిన్న గది. ఆ గదిలో ఉండే డ్రైవరుది మన రాయచోటి దగ్గర పల్లెటూరు. ఆయన్ని అమ్మ అన్నయ్యా అని పిలిచేది కాబట్టి నాకు మామయ్య అయ్యాడు. నేను పుట్టకముందు నుంచీ ఆ ఇంట్లోనే పని. ఆ ఇంటి చిన్నబ్బాయిని నర్సరీ మొదటి రోజు నుంచి స్కూలు చివరి రోజు దాకా ఆయనే బండిలో దింపి, ఆయనే తీసుకొచ్చాడు. ఆ అబ్బాయి అమెరికాలో ఎక్కడో ఒక చిన్న ఊరి కాలేజీలో చేరాడు. అక్కడ అమెరికన్ ఫుట్‌బాల్ జట్టులోకి తీసుకున్నారని తెలిసిన రోజు మామయ్య మా ఇంటికి బక్లావా అనే అరబ్బు మిఠాయి డబ్బా పట్టుకొచ్చాడు. ఆ ఆటంటే ఏమిటో మా ముగ్గురిలో ఎవరికీ తెలియదు. అయినా బక్లావా మాత్రం బాగా తిన్నాం.

ఆ ఆట కోసం అలాంటి చిన్న కాలేజీలు కొన్ని కలిసి ఒక కాన్ఫరెన్స్‌గా ఏర్పడ్డాయి. వారం వారం ఒకరితో ఒకరు ఆడి, చలికాలం వచ్చేసరికి అందరికంటే ఎక్కువ గెలిచినవాళ్ళు కప్పు పట్టుకెళ్ళేవారు. టీవీలో వచ్చే ఆట కాదు. మైదానం పక్కన స్తంభానికి ఒకే ఒక కెమెరా బిగించి ఇంటర్నెట్‌లో వదిలేవారు. ఇద్దరు విద్యార్థులు వ్యాఖ్యానం చెప్పేవారు, వాళ్ళ గొంతుల కంటే గాలి హోరే ఎక్కువ వినపడేది. అక్కడ శనివారం మధ్యాహ్నమైతే మాకు రాత్రి భోజనాల వేళ. మామయ్య మా గుమ్మంలో చాప మీద కూర్చుని, వేరుశనక్కాయల డబ్బాకు ఫోను ఆనించేవాడు. నాకు ఆట పట్టేది కాదు. మైదానం వెనక వరసగా ఉన్న చెట్లు పట్టేవి. ఒక వారం పచ్చగా, మరో వారం పసుపుగా, తర్వాత కుంకుమ రంగులో. ఆ చెట్లు అంటుకున్నాయేమో అని నేను భయపడితే అమ్మ నవ్వి, అక్కడ అంతేనే అంది. నిద్ర ముంచుకొస్తుంటే ఆ ఎర్రటి ఆకులు మా గుమ్మంలోనే రాలుతున్నట్టు అనిపించేది.

మొదటి ఆటలోనే మామయ్యకు కోపం వచ్చింది. జట్టంతా పరుగులు పెడుతుంటే మా అబ్బాయి గంటసేపు పక్కన నిలబడే ఉన్నాడు. తీరా లోపలికి పిలిచాక నడుం వంచి, తల కిందికి దించి, బంతిని రెండు కాళ్ళ మధ్య నుంచి వెనక్కి విసిరి, అవతలివాళ్ళ చేత ఒక తోపు తోయించుకుని, మళ్ళీ పక్కకు వచ్చేశాడు.

"అంత డబ్బు పోసి సదివిస్తాంటే పిల్లోన్ని వంగబెట్టినారే! ఏం తప్పు చేసినాడని?" అని ఫోనుతో పోట్లాటకు దిగాడు మామయ్య.

అది శిక్ష అనుకున్నాడాయన. మా స్కూల్లో గోడకుర్చీ వేయించేవారు గనక నేనూ అలాగే అనుకున్నాను. మర్నాడు ఆ అబ్బాయే ఫోన్లో నవ్వి నవ్వి చెప్పాడట, తన పనే అది అని. బంతిని కాలితో తన్నాల్సి వచ్చినప్పుడు, దూరంగా నిలబడ్డ ఆటగాడి చేతుల్లోకి వెనక్కి సూటిగా విసరాలి. ఎదురుగా ఉన్నవాళ్ళు మీద పడబోతుంటే తలకిందులుగా చూస్తూ విసరాలి. బాగా విసిరితే తన్నినవాడికి చప్పట్లు. సరిగ్గా పడకపోతే మాత్రం ఊరంతా ఇతని పేరే అంటుంది.

ఈ సంగతి తెలిశాక మామయ్య కోపం పోయింది. పైగా గర్వం వచ్చింది.

"మా డ్రైవర్ల పనీ ఇట్లాంటిదే పాపా," అన్నాడు. "నున్నగా పోతాంటే వెనక సీట్లో నిద్రపోతారు. గట్టిగా బ్రేకు తొక్కితేనే మన మొగం జూస్తారు."

అక్టోబరు మధ్యలో అనుకుంటాను, ఒక శనివారం అక్కడ ఒకటే వాన. ఆట చివరికి వచ్చింది, మా జట్టు కొద్దిగా ముందుంది. బంతిని దూరంగా తన్నేస్తే చాలు, గెలిచినట్టే. మా అబ్బాయి వంగాడు. తడిసిన బంతి చేతిలోంచి జారి, తన్నాల్సిన వాడి తల మీదుగా ఎగిరి, ఎటో దొర్లిపోయింది. అవతలివాళ్ళు దాని మీద పడి పాయింట్లు కొట్టేశారు. ఉన్నది ఒకే కెమెరా కదా, అది కదలకుండా వానలో ఒంటరిగా నిలబడ్డ ఆ పిల్లవాడినే చూపిస్తూ ఉండిపోయింది. అన్ని వారాలూ ఒక్కసారీ పలకని అతని పేరును ఆ రోజు వ్యాఖ్యాతలు పదే పదే, అదీ తప్పుగా, పలికారు. మామయ్య ఫోను కట్టేసి, అమ్మ వడ్డించిన అన్నం ముట్టకుండానే గదికి వెళ్ళిపోయాడు.

ఆ తర్వాత అబ్బాయి ఇంట్లో ఎవరి ఫోనూ ఎత్తలేదు. వాళ్ళ నానమ్మకు మాత్రం ఒక మెసేజ్ పెట్టాడు. జట్టు వదిలేస్తున్నాడట, చదువూ వద్దట, టికెట్టు తీసుకుని వచ్చేస్తాడట. ఆ పెద్దావిడను ఇంట్లో అందరూ యుమ్మా అనేవారు, అంటే అమ్మా అని. నడవలేక పగలంతా వరండాలో కుర్చీలో ఉండేది. ఆవిడ మామయ్యను పిలిపించి, పిల్లవాడు ఇలా తల దించుకుని వస్తే జన్మలో మళ్ళీ ఎత్తుకోడు, నువ్వే ఏదైనా చెయ్యి అని కళ్ళనీళ్ళు పెట్టుకుందట. మామయ్య మా అమ్మకు ఈ మాట చెబుతూ తలుపు చెక్క గీరుతూ నిలబడ్డాడు. ఆయనేం చేయగలడు? సముద్రాలకు అవతల ఉన్నవాడిని బండెక్కించి తీసుకురాలేడు కదా.

రెండు రోజులు ఆలోచించి మామయ్య చేసిన పని ఇది. అబ్బాయి మంచం కింద పడి ఉన్న పాత బంతిని యుమ్మాకు చెప్పి తెప్పించాడు. శుక్రవారం సాయంత్రం లాండ్ క్రూయిజర్‌ను గేటు బయటికి తీసి, వాకిలి ఖాళీ చేసి, నన్ను పిలిచి తన ఫోను నా చేతికిచ్చాడు. లుంగీ ఎగ్గట్టి, బంతి ముందు వంగి, రెండు కాళ్ళ మధ్య నుంచి నన్ను తలకిందులుగా చూస్తూ, "తీస్తాండావా పాపా?" అని అడిగాడు. తర్వాత విసిరాడు. బంతి వెనక్కి కాదు, పక్కకు పోయి బోగన్‌విల్లా పొదలో పడింది. మామయ్య ముందుకు దొర్లి మోకాళ్ళ మీద పడ్డాడు. వరండాలో యుమ్మా నవ్విన నవ్వుకు ఇంట్లో పనివాళ్ళంతా బయటికొచ్చారు. ఆ వీడియోను అబ్బాయికి పంపుతూ మామయ్య ఒక్క ముక్క జోడించాడు, ఇది నాకు రావడం లేదు, ఎట్లా విసరాలో చెప్పు అని.

ఓదార్చలేదు. పోనీలే అనలేదు. ధైర్యంగా ఉండమని సుద్దులు చెప్పలేదు.

ఆ రోజు జవాబు రాలేదు. మర్నాడు మరో వీడియో వెళ్ళింది, అందులో బంతి గోడ దాటి మా వాటాలో అమ్మ ఆరేసిన అప్పడాల మీద పడింది. అమ్మ గోడ మీంచి పెట్టిన కేకలు కూడా అందులో రికార్డయ్యాయి. ఆ సాయంత్రమే అబ్బాయి నుంచి వాయిస్ మెసేజ్ వచ్చింది. వాళ్ళిద్దరి మధ్య నడిచే భాషకు పేరు లేదు. అరబ్బీ, ఉర్దూ, ఇంగ్లీషు కలిసిన ఆ మాటల్లో అక్కడక్కడా రాయచోటి తెలుగు కూడా ఉండేది. వేళ్ళు కుట్టు మీద పెట్టు, నడుముతో కాదు చేతులతో విసురు, యల్లా, కానియ్, మళ్ళీ చెయ్యి అన్నాడు అబ్బాయి. గొంతు బొంగురుగా ఉంది, అయినా నవ్వు కూడా ఉంది. మామయ్య ఆ మెసేజ్‌ను యుమ్మాకు వినిపించాడు, మాకు వినిపించాడు, చివరికి గేటు ముందు నిలబడ్డ కూరగాయల బండి అతనికి కూడా వినిపించాడు.

ఇక రోజూ అదే పని. ఎండ చల్లబడ్డాక మామయ్య వంగడం, నేను తీయడం. అక్కడ తెల్లవారి అబ్బాయి లేచేసరికి ఫోన్లో ఈ వీడియో సిద్ధంగా ఉండేది. అతను దానికి జవాబు పెట్టేవాడు. కొన్నాళ్ళకు, మాటలతో చెబితే నీకు అర్థం కావడం లేదు అంటూ తానే మైదానానికి వెళ్ళి, విసిరి చూపించి, ఆ వీడియో పంపాడు. అందులో అతని వెనక చెట్లన్నీ బోసిపోయి ఉన్నాయి, నేల నిండా ఆకులు. అతను విసిరిన బంతి సూటిగా, గిరగిరా తిరుగుతూ పోయింది. మళ్ళీ జట్టుతో ఆడుతున్నాడట, వచ్చేస్తానన్న మాట ఇక ఎత్తలేదు.  మామయ్య మొహం కడుక్కొస్తానని వెళ్ళి చాలాసేపటికి వచ్చాడు.

అప్పటికే నేను ఒక సంగతి గమనించాను. వారం తిరిగేసరికే మామయ్యకు ఆ విద్య వచ్చేసింది. నేను ఫోను దించాక ఆయన విసిరే బంతి నేరుగా వచ్చి గోడకున్న మచ్చకే తగిలేది. ఫోను ఎత్తితే మాత్రం పొదలోకి పోయేది. ఇదేమిటి మామయ్యా అని అడిగితే వేలు పెదాల మీద పెట్టుకుని, "నాకు వచ్చేసిందంటే వానికి పని యాడుంటాది పాపా?" అన్నాడు. పెద్దవాళ్ళు అబద్ధాలాడకూడదని మాకు చెప్పే పెద్దవాళ్ళలో ఒకాయన ఇంత చక్కగా అబద్ధమాడుతుంటే నాకు భలే సంబరంగా ఉండేది.

ఆఖరి ఆట నాటికి దోహాలో కూడా గాలి చల్లబడింది. కప్పు అప్పటికే వేరే కాలేజీ ఖాయం చేసుకుంది కాబట్టి, ఆ ఆట గెలిచినా ఓడినా లోకానికి పట్టదు. మా గుమ్మంలో మాత్రం అమ్మ పొయ్యి ఆపేసి మరీ వచ్చి కూర్చుంది. చివరి నిమిషంలో బంతిని రెండు స్తంభాల మధ్య నుంచి తన్నితే గెలుపు. మా అబ్బాయి వంగాడు. మామయ్య కళ్ళు మూసుకున్నాడు. కేరింతలు వినిపించాయి. వ్యాఖ్యాతలు బంతిని తన్నినవాడి పేరు అరిచారు, వాళ్ళ కోచ్ పేరు చెప్పారు, స్టాండ్స్‌లో కూర్చున్న ఎవరో తాతగారి పేరు కూడా చెప్పారు.

"మావాని పేరు చెప్పలా!" అని మామయ్య లేచి గంతులేశాడు. "ఒక్కసారి గూడా చెప్పలా సూడు పాపా!" అంత ఆనందంగా ఏడ్చే పెద్ద మనిషిని నేను అంతకుముందు చూడలేదు.

డిసెంబరు సెలవులకు అబ్బాయి ఇంటికొచ్చాడు. ఫోన్లో చూసిన దానికంటే పొడుగు. ఒక సాయంత్రం మామయ్య యుమ్మాను ఆసుపత్రికి తీసుకెళ్ళాడు. అబ్బాయి వాకిట్లో ఒక్కడే బంతి ఎగరేసుకుంటూ, గోడ మీంచి చూస్తున్న నన్ను పలకరించాడు. నా స్కూలు ఇంగ్లీషు మా ఇద్దరికీ సరిపోయింది. వీడియోలు తీసింది నువ్వే కదా అని థాంక్స్ చెప్పి, ఆయన కావాలనే తప్పుగా విసిరేవాడని నాకు తెలుసు అన్నాడు.

ఎలా తెలుసు అని అడిగాను.

నిజంగా తప్పు విసిరినవాడు బంతి ఎటు పోయిందో చూస్తాడు, ఆయన కెమెరాను చూసేవాడు, అవతల నేను నవ్వుతానో లేదో అన్నట్టు, అన్నాడు.

మరి తెలిసీ అన్నాళ్ళు ఎందుకు నేర్పావు అంటే, బంతిని చేతిలో ఒకసారి తిప్పాడు. తర్వాత మెల్లగా అన్నాడు, నేను లేవకపోయినా ఆయన మర్నాడు కూడా వచ్చి వాకిట్లో వంగుంటాడు కదా, అందుకే లేచేవాడిని అని.

మర్నాడు మామయ్య మా గుమ్మంలో కూర్చుని చాయ్ తాగుతూ, ఎవరూ వినకుండా నా వైపు వంగి, "సూసినావా పాపా, పిల్లోనికి తెలియనే లేదు," అన్నాడు. ఆ మొహంలో వెలుగు చూశాను. అసలు సంగతి నాలుక చివరి దాకా వచ్చింది.

"లేదు మామయ్యా, ఏమాత్రం తెలియలేదు," అన్నాను.

నాకు అబద్ధం చేతనైన మొదటి రోజు అదే. ఇన్నేళ్ళలో దాని గురించి ఒక్క క్షణం కూడా చింతించలేదు. ఈ మధ్య నా మోకాలికి ఆపరేషన్ అయి, ఇంట్లో ఏ పనికీ కొరగాకుండా పోయానని మంచం పట్టుకుని ఉంటే, మా మేనకోడలు పిండి గిన్నె తెచ్చి నా ఒళ్ళో పెట్టింది. చేగోడీలు చుట్టడం రావడం లేదు అత్తా, నేర్పవా అంది. పోయిన ఏడాది వాళ్ళ ఇంట్లో పళ్ళెం నిండా చుట్టి శభాష్ అనిపించుకున్న పిల్ల అది. చుట్టినవన్నీ వంకరగా చుడుతూ, మధ్య మధ్యలో నా మొహంలోకి చూస్తోంది. నేను లేచి, దిండుకు ఆనుకుని కూర్చుని, ముందు వేళ్ళకు నూనె రాసుకోవాలమ్మా అని మొదటి నుంచీ చెప్పడం మొదలుపెట్టాను.