అంకమ్మ అత్త ఎండబెట్టిన క్యాసెట్టు

ముప్పై అయిదేళ్లు దాటింది. ఈ మాట నా గొంతు దాటి బయటికి రాలేదు. నా భార్యకు చెప్పలేదు, దేవుడికీ సగమే చెప్పాను. మీరెవరో నాకు తెలియదు. అందుకే మీకు చెప్పగలుగుతున్నానేమో.

ఎనభైల చివర్లో పిడుగురాళ్లలో నాకు టేపురికార్డర్లు, టీవీలు బాగుచేసే కొట్టు ఉండేది. మా వీధిలోనే లారీ డ్రైవర్ కోటయ్య ఇల్లు. దుబాయ్‌లో ఉండే అతని బావమరిది ఒక వీడియో గేమ్ మిషను, దానిలో పెట్టి ఆడే ఆట క్యాసెట్టు ఒకటి తెచ్చిచ్చాడు. ఊరికంతటికీ అదొక్కటే. కోటయ్య కూతురు ఆడుతుంటే కిటికీ దగ్గర పెద్దవాళ్లు కూడా నిలబడేవాళ్లు.

మా ఊరి సున్నపు బట్టీల దుమ్ము క్యాసెట్టులో చేరి ఒకరోజు టీవీలో బొమ్మ రాలేదు. కోటయ్య క్యాసెట్టు నా చేతిలో పెట్టి మద్రాసు లోడుకు పోయాడు. తుడిస్తే సరిపోయేది. తుడిచి ఇచ్చేస్తే ఈ కథే లేదు.

దాన్ని తీసుకుని నేనూ మద్రాసు బస్సెక్కాను. అక్కడొకతను ఆటలు కాపీ చేస్తాడని విన్నాను. క్యాసెట్టు లోపలి అసలు బోర్డు తనకు వదిలేస్తే రెండు కాపీ బోర్డులు ఇస్తానన్నాడు. ఒప్పుకున్నాను. ఒకటి ఎప్పటికైనా పనికొస్తుందని నా కొట్టులో పెట్టుకున్నాను. రెండోది కోటయ్య క్యాసెట్టు డొప్పలో పెట్టబోతే పట్టలేదు. వెనకవైపు కొంచెం కోసి, బెజ్జం మీద క్యాలెండరు ముక్క అంటించి ఇచ్చేశాను. ఎవరూ కనిపెట్టలేదు. ఆ ఆట తయారుచేసిన మనిషి ఏ దేశంలో ఉన్నాడో, అతని సొత్తు కూడా నేను దొంగిలించినట్టే కదా. అప్పుడు అలా అనుకోలేదు. తెలివైన పని చేశానని మురిసిపోయాను.

కాపీ బోర్డు మీది చిప్పు నెత్తిన చిన్న గాజు కిటికీ ఉంటుంది, అది సరిగ్గా ఆ బెజ్జం కిందికే వచ్చింది. దానికి రోజుల తరబడి ఎండ తగిలితే లోపల ఎక్కించిందంతా చెరిగిపోతుంది. దాని మీద కాగితం అంటించి ఉంచాలని, ఊడనివ్వొద్దని మద్రాసు మనిషి రెండుసార్లు చెప్పాడు.

అంకమ్మ అత్త కోటయ్యకు అక్క. పెళ్లయిన మూడేళ్లకే మొగుడు పోతే తమ్ముడి పంచన చేరింది. వేసవి సెలవులకు మేనకోడలు రొంపిచెర్ల పోయినప్పుడు ఆ క్యాసెట్టు మీద నీళ్లు ఒలికాయి. అత్త గుడ్డతో శుభ్రంగా తుడిచింది. తడిసిన కాగితం ఊడొచ్చింది. పిల్ల వచ్చేసరికి బాగా ఆరాలని వారం రోజులు డాబా మీద వడియాల పక్కన పెట్టి, పొద్దుటొకవైపు, మధ్యాహ్నమొకవైపు తిప్పింది. మా పల్నాడు ఎండ సంగతి చెప్పాలా?

పిల్ల వచ్చింది. బొమ్మ రాలేదు. కోటయ్య వీధి అరుగు మీద, నలుగురూ వింటుండగా, "నీ చెయ్యి పడితే మనిషే నిలవలా, మిషను నిలుస్తదా" అన్నాడు.

ఆ సాయంత్రమే అత్త క్యాసెట్టు కొంగులో పెట్టుకుని నా కొట్టుకొచ్చింది.

"ఎండలో పెట్టినందుకే పోయిందంటావా నాయనా? ఉన్నదున్నట్టు చెప్పు."

"ఎండ పడదత్తా దీనికి. చానా సున్నితం."

"అయితే నేనే పోగొట్టానన్నమాట."

నేను టేపురికార్డరు స్క్రూలు విప్పుతూ తలొంచుకున్నాను. అసలుదైతే పైడొప్ప వెలిసేదేమో, ఆట పోయేది కాదు. ఆ ఒక్క మాట చెప్పలేకపోయాను, కొట్టులో ఉన్న నా కాపీ కూడా బయటికి తియ్యలేదు. ఎందుకు? కోటయ్య కొడతాడనా? కాదు, కొట్టినా రెండు రోజుల్లో తగ్గేది. మంచి మెకానిక్కని బజారులో నాకున్న పేరు పోతుందని. అంతే. ఇంతకంటే పెద్ద కారణం ఉంటే బాగుండునని చానాళ్లు వెతుక్కున్నాను, దొరకలేదు.

ఆ రోజు నుంచి అత్త ఆ ఇంట్లో కరెంటు వస్తువు ముట్టలేదు. ఫ్యాను వెయ్యాలన్నా ఎవరో రావాలి. మేనకోడలి పెళ్లిలో పసుపు దంచడానికి పిలిస్తే కూడా తన చెయ్యి వద్దని వెనక్కి జరిగింది. నేనక్కడే ఉన్నాను, కళ్లారా చూశాను. భోజనం చేసి వచ్చాను కూడా.

అత్తకిప్పుడు ఎనభై దాటింది. చెవులు బాగానే వినిపిస్తాయి. కోటయ్యా ఉన్నాడు. ఆ సంగతి తలుచుకుంటే నాకు చెప్పలేనంత ధైర్యంగా ఉంది. ఆలస్యమైంది గానీ పూర్తిగా మించిపోలేదు. ఆమెను నలుగురిలో అన్నారు కాబట్టి నేనూ నలుగురిలోనే చెప్పాలి, ఆ అరుగు మీదే, కోటయ్య ముందే.

ఆమె క్షమిస్తుందని వెళ్లడం లేదు. క్షమించకపోతే తప్పు ఆమెది కాదు. తన వల్ల ఏదీ పోలేదని ఆమెకు తెలిస్తే చాలు. రేపు పొద్దున వెళతాను. ఇన్నేళ్లూ ఇలాంటి రేపులు చాలానే అనుకున్నాను, కానీ అప్పుడు నాకు తప్ప ఎవరికీ తెలియదు. ఇప్పుడు మీకూ తెలుసు.