దొరను కదిపేదెవరు?

ఆ రోజుల్లో నాకు అర్థం కాని సంగతి లోకంలో ఒకటుందంటే ఒప్పుకునేవాణ్ణి కాదు. పల్లె సంఘాలకు క్రైస్తవ బోధ చేసే ఉపదేశులను తయారుచేసే బడిలో మాకు పాఠం చెప్పిన తర్కం అయ్యగారు (ఆయన అసలు పేరు ఎవరం పలికిన పాపాన పోలేదు) వందల ఏళ్ల కిందట ఐరోపా మఠాల్లో సన్యాసులు పడ్డ తగవును నా బుర్రకెక్కించారు. ముందు నమ్ము, తర్వాత అర్థమవుతుందని ఒక పక్షం. బుద్ధి కూడా దేవుడిచ్చిందే, దాన్ని పట్టుకుని నడిచినా ఆయన గుమ్మం దాకా చేరవచ్చని ఇంకో పక్షం. నేను బుద్ధి పక్షం.

ఆ బుద్ధితోనే గోపాల్‌పేట దగ్గరి ఒక పల్లెకు ఉపదేశిగా వెళ్లాను. సంఘంలో అందరూ దొర దగ్గర జీతగాళ్లే. వంటకు ముందు ఇంటింటా పిడికెడు జొన్నలు దేవుడి పేర కుండలో వేసి, ఆదివారం గుడికి తెచ్చేవారు. అదే నా తిండి. మొదటి ఆదివారమే పాండిత్యమంతా విప్పాను. "కదిలే ప్రతిదాని వెనకా కదిపేవాడుంటాడు. బండిని ఎద్దు కదుపుతుంది, ఎద్దును జీతగాడు, జీతగాణ్ణి దొర. మరి దొరను కదిపేదెవరు? అలా వెనక్కి పోతే చివరికి దేవుడు కనబడతాడు" అన్నాను. ఎవరూ ఆమెన్ అనలేదు. ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. ఆ వారమంతా నేను బావి దగ్గరికి పోతే మాటలు ఆగిపోయేవి (నా పాండిత్యానికి జంకుతున్నారనుకున్నాను).

మరుసటి ఆదివారం కుండలన్నీ ఖాళీగా వచ్చాయి. రెండు రోజులు నా పొయ్యిలో పిల్లి లేవలేదు. ఇక ఆగలేక, సంఘమంతా మాట వినే పెద్దవ్వ ఇంటికి పోయి ఏమైందని అడిగాను. ఆమె నన్ను గడప బయటే నిలబెట్టింది.

"దొర ఎనక దేవుడున్నడంటివి. అంటే మమ్ములను కొట్టిపిచ్చేది దేవుడేనా? గిది దొర నేర్పి పంపిన మాటనే. నువ్వు దొర మనిషివని మావోళ్లు అంటుండ్రు."

"కాదవ్వా, ఒట్టు."

"ఒట్టెందుకు? రుజువు సూపియ్యి. రుజువులు సెప్పేటోనివి నువ్వే గద."

మఠాల సన్యాసులందరినీ మనసులో తిరగేశాను. దొర మనిషిని కానని రుజువు చేసే దారి ఒక్కరూ చెప్పలేదు.

"రుజువు లేదవ్వా. నా మాట నమ్మాలె, గంతే."

ఆమె నన్ను కిందికీ మీదికీ అనుమానంగా చూసింది. లోపలికి పోయి జొన్నరొట్టె, ఉల్లిగడ్డ తెచ్చి చేతిలో పెట్టింది.

"తిను. నమ్మిననని కాదు. జర సూస్త."

తర్వాత జొన్నలు మళ్లీ వచ్చాయి, నేనూ ఆ పల్లెలోనే చాలా ఏళ్లున్నాను. కండ్లు కనబడని రోజుల్లో కూడా పెద్దవ్వ నా గొంతు వినగానే, "ఇంక సూస్తనే ఉన్న, కొడుకా" అనేది. ఆ రొట్టె నములుతూ కూడా ఏ సన్యాసి మాటతో ఆమెకు జవాబివ్వాలా అని వెతికిన ఆ పడుచు ఉపదేశిని తలుచుకుంటే నవ్వొస్తుంది, కొంచెం జాలి కూడా.